ఆరు గోళాల బొమ్మ

వెనక గది, పుస్తకాల మధ్య
ఆదివారం

అక్కా,

బాగున్నావా అని అడిగితే బాగున్నానంటావు కాబట్టి అడగను. ఫోన్ చెయ్యకుండా ఈ ఉత్తరమేమిటని విసుక్కోకు. ఫోన్‌లో నువ్వు చెప్పేది నాకు వినపడదు, నేను చెప్పేది వీధంతా వింటుంది. ఫోన్ మోగితే చాలు, మీ మరదలు నన్ను వరండాలోకి తరుముతోంది.

విషయానికి వస్తాను. నా నిరూపకాల పుస్తకం గుర్తుందిగా? స్థలంలో ఒక బిందువు ఎక్కడుందో అంకెలతో చెప్పే పద్ధతులన్నిటి మీదా రాసినది. ఇన్నేళ్ళూ ఎవరూ కొనకపోవడం వల్ల అరుదైన గ్రంథమైపోయింది. దాన్ని మళ్ళీ అచ్చువేస్తామని ప్రచురణకర్త ముందుకొచ్చాడు. అయితే ఎవరో ఒక పెద్దమనిషి చదివి బాగుందని చెప్పాలట. ఆ పెద్దమనిషి ఎవరని అడిగితే చెప్పడు. మన దేశంలో లెక్కలు తెలిసినవాళ్ళు ఎంతమంది ఉన్నారనీ, దాచడానికి?

కొత్త ముందుమాట రాశాను, నకలు జతచేస్తున్నాను. మా కాలేజీలో ముప్పై ఏళ్ళు ఒకే నోట్సు చెప్పినవాడి గురించి, నా అధ్యాయాన్ని తన పేరున అచ్చువేసుకున్నవాడి గురించి, అన్నిటికీ మించి ఆ గొడుగాయన గురించి వివరంగా రాశాను. ఎండైనా వానైనా గొడుగు చంకలో పెట్టుకుని తిరిగే మా శాఖాధిపతి. ఈ పుస్తకాన్ని "శ్రమ కనిపిస్తోంది" అన్న రెండు మాటలతో ముగించేసిన మహానుభావుడు. ఆ రెండు మాటలకూ రెండు పేజీలు కేటాయించాను.

ఇక నీ వల్ల కావలసిన పని. ఆరు గోళాల నిరూపకాల అధ్యాయానికి కొత్త బొమ్మ కావాలి. పాత ముద్రణలో అది చచ్చిన సాలీడులా పడింది. సంగతి నీకు తెలిసేట్టు చెప్తాను. మామూలు పద్ధతిలో గది మూల నుంచి ఎంత ముందుకు, ఎంత పక్కకు, ఎంత పైకి అని మూడు అంకెలు చెప్తాం. ఆ మూల దగ్గర అన్నీ సున్నాలు. ఈ పద్ధతి ఆ లెక్కను బొంతను తిరగేసినట్టు తిరగేస్తుంది. దూరంగా ఉన్న బిందువుకు చిన్న అంకెలు, దగ్గరున్నదానికి పెద్దవి. మూలబిందువు వైపు వచ్చేకొద్దీ అంకెలు పట్టపగ్గాల్లేకుండా పెరుగుతాయి. అనంత దూరానికి సున్నా, సున్నా, సున్నా అని చక్కటి చిరునామా ఉంది. సరిగ్గా మూలబిందువుకు మాత్రం ఏ అంకే లేదు.

ఇందులో ఒక అంకెను కదలకుండా పట్టుకుంటే చదునైన పలక బదులు గోళం వస్తుంది. ఆ గోళాలన్నీ మూలబిందువునే తాకుతూ కూర్చుంటాయి, ముందు, వెనక, కుడి, ఎడమ, పైన, కింద. ఒక చుక్కకు ఆరు వైపుల నుంచీ సబ్బు బుడగలు అంటుకున్నాయనుకో. పెద్ద బుడగలో చిన్న బుడగ, దానిలో ఇంకా చిన్నది, అన్నీ అక్కడే అంటుకుని ఉంటాయి. నువ్వు గీయాల్సింది దాని నిలువుకోత. అంటే నాలుగు వైపుల వృత్తాలు చాలు. మధ్యలో గీతలన్నీ ఒకే చోటికి వచ్చి పడతాయి. అక్కడ ఇంకు ముద్దకట్టకుండా గీయగలిగినవాళ్ళను నేను ఒక్కరినే చూశాను. నువ్వు బొమ్మలు గీసిన యంత్రాల ఫ్యాక్టరీలో అందరూ నీ డ్రాయింగులనే నకలు తీసుకునేవాళ్ళని నువ్వే కదా గొప్పలు చెప్పేదానివి. కంప్యూటర్ బొమ్మలు నాకొద్దు. వాటికి మనిషి చెయ్యి తగలదు.

తొందరగా పంపు.

తమ్ముడు


రెండో అంతస్తు, బోర్డు ముందు
గురువారం

ఒరేయ్ తమ్ముడూ,

పని చెప్పావు, సంతోషం. నీ ఉత్తరం అందిన రోజే డ్రాయింగ్ బోర్డు తుడిచి పెట్టాను. టీ స్క్వేర్ కొలబద్ద మీద దుమ్ము చూసి నాకే సిగ్గేసింది. ప్రెస్సుకు వారానికి రెండుసార్లు వెళ్ళి వాళ్ళ బొమ్మల ప్రూఫులు చూసి వస్తున్నాను గాని, ఇంకుతో సొంతంగా గీసి చాలా కాలమైంది.

నీ ముందుమాట పక్క వాటాలో ఉండే టైలరమ్మ చేత చదివించుకున్నాను. నీ అక్షరాలు చీమల్లా ఉంటాయి, నాకు ఓపిక లేదు. ఆవిడ సగంలో ఆపి, "ఈయనకి స్నేహితులెవరూ లేరాండీ?" అంది. "ఉండేవారమ్మా, మొదటి ముద్రణలో అయిపోయారు" అన్నాను. తర్వాత గొడుగాయన పేజీలు వచ్చాయి. ఆవిడ నవ్వాపుకోలేక మంచినీళ్ళు తాగింది. ఆయన నిన్ను అన్నది రెండు మాటలే కదరా, అందులోనూ ఒకటి మంచిదే.

బుడగల లెక్క అర్థమైంది. అర్థమైందంటే, గీయడానికి సరిపడా. నాకు అంతకన్నా అక్కర్లేదు. చిన్నప్పుడు నీ సైన్సు రికార్డులో కప్ప బొమ్మ గీసినప్పుడు కూడా కప్ప గురించి నాకేం తెలీదు. మార్కులు మాత్రం నీకే వచ్చాయి.

కొంచెం టైమివ్వు. ఇక్కడ మధ్యాహ్నం తప్ప వెలుతురు సరిగ్గా రాదు.

అక్క


వెనక గది
మంగళవారం

అక్కా,

బొమ్మ అందింది. అట్ట ట్యూబులోంచి తీసి బల్ల మీద పరిచి చూశాను. కాసేపు నా కళ్ళజోడే మురికిదేమో అనుకుని తుడుచుకున్నాను.

మధ్యలో ఖాళీ వదిలేశావేమిటి? వృత్తాలన్నీ గుండ్రంగా, అందంగా వచ్చి, సరిగ్గా కలవాల్సిన చోట ఆగిపోయాయి. కందిబద్దంత తెల్ల మచ్చ. అసలు బొమ్మంతా ఎందుకు గీయమన్నాను? అవన్నీ ఒకే బిందువును తాకుతాయని చూపించడానికి. నువ్వు ఆ ఒక్కటీ తప్ప మిగతా అంతా గీశావు. వంద మందిని పెళ్ళికి పిలిచి పెళ్ళికొడుకును పిలవడం మర్చిపోయినట్టుంది.

నీది మొదటి నుంచీ ఇదే పద్ధతి. సంగీతం నాలుగు నెలలు, హిందీ పరీక్ష సగం, స్వెటరు ఒక చెయ్యి. నాన్న నిన్ను ఏమీ అనేవాడు కాదు, నన్నే అనేవాడు. ఇంకు ముద్దకడుతుందని భయపడ్డావు కాబోలు. ముద్దకడితే బ్లేడుతో గీకేదానివి కదా, ఆ విద్యలో నీకు సాటి లేదనేవాళ్ళు కదా. శ్రద్ధ లేదని చెప్పు, ఒప్పుకుంటాను. ఉత్తరంలో నీ చేతిరాత కూడా చూశాను. వాక్యం ఎడమ నుంచి బయల్దేరి మేడ మెట్లు దిగుతున్నట్టు కిందికి పోతోంది. మీ మరదలు దాన్ని చూసి, "ఆవిడకి కళ్ళు సరిగ్గా కనపడట్లేదేమో, కనుక్కోండి" అంది. కళ్ళు కాదు, నిర్లక్ష్యం అన్నాను.

ప్రచురణకర్త మనిషి వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. ఆ పెద్దమనిషికి ఇవాళే పంపాలట. తిరిగి గీయించే వ్యవధి లేదు. కోపంలో దాన్ని అలాగే చుట్టి ఇచ్చేశాను. అనుకునేవాళ్ళు ఏమైనా అనుకోనీ, గీసింది నేను కాదుగా.

తమ్ముడు


రెండో అంతస్తు
శనివారం

తమ్ముడూ,

నువ్వన్నది నిజమే. అలా పంపి ఉండకూడదు. పెన్ను పాళీ చీలింది. కొత్తది దొరకలేదు. మధ్యలో గీతలు దగ్గర పడే చోట చీలిన పాళీతో వెళ్తే కాగితమంతా పాడవుతుందని ముందే ఎత్తేశాను. నీకు ఒక ముక్క రాసి ఉండాల్సింది. రాయలేదు. అది తప్పే.

ఆ పెద్దమనిషి ఏమన్నాడు? నా మూలంగా నీ పుస్తకం ఆగిపోతే చెప్పు, దాచకు. బొమ్మ తిరిగొస్తే పంపించు, ఏదో ఒకటి చేస్తాను. నీ ఉత్తరం అందినప్పటి నుంచి అన్నం ముందు కూర్చున్నా అదే గుర్తొస్తోంది.

మా మరదలికి చెప్పు, నా కళ్ళు బాగానే ఉన్నాయని.

అక్క


వెనక గది
ఆదివారం

అక్కా,

కూర్చుని చదువు.

ఆ పెద్దమనిషి ఎవరో తెలిసింది. గొడుగాయన. అవును, ఆయనే. ప్రచురణకర్త పరిశీలకుడి అభిప్రాయం పంపాడు, కింద ఆ సంతకం. చదివితే ఏముందో తెలుసా? అధ్యాయాలన్నిటి గురించి కలిపి నాలుగు ముక్కలు రాసి, నీ బొమ్మ గురించి మాత్రం పేరా రాశాడు. అది యథాతథంగా రాస్తున్నాను:

"ఆరు గోళాల బొమ్మలో మూలబిందువును ఖాళీగా వదలడం నేను ఏ పుస్తకంలోనూ చూడలేదు. ఈ వ్యవస్థలో అంకె లేని బిందువు అదొక్కటే. అన్ని గోళాలూ దాని మీదుగానే పోతాయి, దానికి మాత్రం చిరునామా లేదు. విద్యార్థికి పది వాక్యాల్లో చెప్పినా ఎక్కని సంగతిని ఆ తెల్లటి చోటు ఒక్క చూపులో చెప్తోంది. ఇంత ఆలోచించినవారిని అభినందిస్తున్నాను. పుస్తకం తప్పక అచ్చుకావాలి."

అక్కా, ముప్పై ఏళ్ళు ఆ మనిషి నోట ఒక మంచి మాట కోసం చూశాను. చూడలేదని అందరికీ చెప్పుకున్నాను గాని చూశాను. వెంటనే ఆయనకు జవాబు రాశాను. ఆ ఖాళీ కావాలనే పెట్టించానని, గీసేవారికి ప్రత్యేకంగా చెప్పి గీయించానని, మూలబిందువు స్వభావం మీద చాలాకాలంగా ఆలోచిస్తున్నానని. పోస్టులో వేసి ఇంటికి వచ్చేదాకా కాళ్ళు నేల మీద లేవు.

లెక్క ప్రకారం చూస్తే ఆయన చెప్పింది నిజమే. నాకు తట్టి ఉండాల్సింది. ఇవాళ కాకపోతే రేపైనా తట్టేది. కాబట్టి పూర్తిగా అబద్ధం కూడా కాదు.

ఇప్పుడు పని ఏమిటంటే, మిగతా వ్యవస్థల్లో కూడా ఇలాంటి అంకె లేని చోట్లున్నాయి. వాటికీ బొమ్మలు కావాలి. ప్రతిదానిలో అదే ఖాళీ, అదే కందిబద్దంత, అంచులు అలాగే నెమ్మదిగా ఆగిపోవాలి. కొలతలు జతచేశాను. పాళీ కొత్తది కొనుక్కో, డబ్బు నేనిస్తాను. లేదా ఆ చీలినదానితోనే గియ్యి, దాని చెయ్యి మంచిదిలా ఉంది.

పోయినసారి కొంచెం ఎక్కువగా అన్నాను. మనసులో పెట్టుకోకు.

తమ్ముడు


రెండో అంతస్తు
బుధవారం

తమ్ముడూ,

ఈ ఉత్తరం వాక్యం కింద స్కేలు పెట్టుకుని రాస్తున్నాను. ఎక్కడైనా ఒకదాని మీద ఒకటి పడితే క్షమించు.

పాళీ చీలలేదు. అది అబద్ధం. నా కళ్ళు పోతున్నాయి.

కుడి కన్ను పోయినేడే. ఎడమది ఈ మధ్య మొదలైంది. డాక్టరమ్మ పేరేదో చెప్పింది. కంటి వెనక పొరలో నడిమి చోటు అరిగిపోతుందట. పూర్తి చీకటి రాదట, అంచులు మిగులుతాయట. అంటే ఎలాగో చెప్తాను. గోడ గడియారం వైపు చూస్తే చుట్టూ ఉన్న చెక్క కనిపిస్తుంది, ముళ్ళు కనపడవు. మనిషి వైపు చూస్తే చెవులు, జుట్టు, భుజాలు కనిపిస్తాయి, ముఖం ఉండదు. ఎక్కడ చూడాలనుకుంటే అక్కడే మాయం. పక్కకు చూస్తే వస్తుంది, వచ్చింది కదాని తిరిగితే పోతుంది. మొన్న బస్సులో ప్రెస్సాయన నమస్కారం పెట్టాడట, నేను చూసీ పలకలేదని నొచ్చుకున్నాడు. పరధ్యానంలో ఉన్నానని సర్దిచెప్పాను.

నీ బొమ్మ చేతి అలవాటు మీద గీశాను. కంపాస్ ముల్లు వేలితో తడిమి పెట్టాను. వృత్తాలు పెద్దవిగా ఉన్నంతసేపు ఏం ఇబ్బంది లేదు. మధ్యకు వస్తుంటే గీత నా కళ్ళ ముందే కరిగిపోయేది. ఇంకా ముందుకు వెళ్ళాలని తెలుసు, ఎంత వెళ్ళాలో తెలీదు. ప్రతిసారీ భయపడి పెన్ను ఎత్తేశాను. ఎక్కడ ఎత్తానో కూడా నాకు తెలీదు. నువ్వు రాస్తేనే తెలిసింది, అక్కడ కందిబద్దంత తెల్ల మచ్చ ఉందని.

ఆ పెద్దాయన రాసింది టైలరమ్మ చదివి వినిపించింది. రెండోసారి చదవమన్నాను. నాకు ఎంత తలవంపుగా ఉందో నీకు ఎలా చెప్పను. ఒకావిడ జారిపడితే, ఆహా ఏం నాట్యమని చప్పట్లు కొట్టినట్టుంది. తమ్ముడూ, నాకు ఆ తెలివి అంటగట్టకు. మూలబిందువుకు అంకె లేదని తలుచుకుని నేను పెన్ను ఎత్తలేదు. పనిచేతకాక ఎత్తాను. నలభై ఏళ్ళు గీసిన చెయ్యిరా ఇది. దాని మొదటి చెడ్డ పనిని లోకం మెచ్చుకుంటోంది. మంచివి ఎన్ని చేశానో, ఒక్కదాన్నీ ఎవరూ ఇలా చూసి చెప్పలేదు.

ఇప్పుడు నువ్వు అడిగినవి గీయలేను. అదే ఖాళీ, అదే కొలత అన్నావు. కావాలని ఖాళీ వదలాలంటే అది ఎక్కడుందో కనపడాలి కదా.

ఒక్కటే మాట. ఎవరితోనూ అనకు. ప్రెస్సుకు వెళ్ళే ఆ రెండు రోజులే నాకు మిగిలినవి. ప్రూఫులు పక్కకు తిప్పి, భూతద్దం పెట్టి, ఎలాగో చూస్తున్నాను. తప్పులు వదిలేస్తున్నానేమో, అది ఇంకో సిగ్గు. ఎప్పుడు మానాలో, ఎవరికి చెప్పాలో నాకు వదిలెయ్. నా కళ్ళ సంగతి చెప్పాల్సిందాన్ని నేను.

అక్క


వెనక గది
శుక్రవారం

అక్కా,

నీ ఉత్తరం మీ మరదలికి చూపించాను. ఆవిడకు తప్ప ఎవరికీ చూపించను. చదివి మడిచి నా చేతికి ఇచ్చింది. "నేను అన్నాను కదా" అంటుందని ఎదురుచూశాను. అనలేదు. అని ఉంటే బాగుండేది. కూరగాయలు తరగడానికి వెళ్ళిపోయింది.

నేను నీకు రాసిన పాత ఉత్తరాల మాటలన్నీ ఒక్కొక్కటిగా గుర్తొస్తున్నాయి. నిర్లక్ష్యం. స్వెటరు ఒక చెయ్యి. నీ చేతిరాత మెట్లు దిగుతోందని వెక్కిరించాను. ఎన్నో పుస్తకాలు చదివాననుకుంటాను. అక్క రాసిన అర పేజీ చదవడం రాలేదు.

ఇంకో సంగతి. నువ్వు పడిన అవస్థను నేను నా ఆలోచన అని చెప్పుకుని మెప్పు పుచ్చుకున్నాను. నా అధ్యాయాన్ని దొంగిలించాడని ఒకడి మీద ముందుమాటలో పేజీన్నర రాశాను కదా, వాడు దొంగిలించింది కనీసం పనికొచ్చే వస్తువు.

గొడుగాయన దగ్గరికి వెళ్తాను. ఉత్తరం రాస్తే మళ్ళీ అందంగా రాస్తాను, నన్ను నేను నమ్మను. ఎదురుగా నిలబడి ఆ ఖాళీ నా ఆలోచన కాదని చెప్తాను. నీ కళ్ళ మాట ఎత్తను. నీకు తెలివి అంటగట్టను కూడా. ఆ రెండూ తీసేస్తే చెప్పడానికి ఏం మిగులుతుందో చూడాలి.

కొలతల కాగితం చించెయ్.

తమ్ముడు


వెనక గది
ఆదివారం

అక్కా,

వెళ్ళొచ్చాను.

ఆయన ఇల్లు నేను అనుకున్నంత పెద్దది కాదు. ముందు గదిలో రెండు కుర్చీలు, ఒకదాని నిండా పత్రికలు. తలుపు ఆయనే తీశాడు. గొడుగు తలుపు వెనక మేకుకు వేలాడుతోంది. బాగా ముసలివాడైపోయాడు. పత్రికలు నేలమీదికి దించి కుర్చీ ఇచ్చాడు. నేను కూర్చోకుండానే మొదలుపెట్టాను.

"ఆ బొమ్మలో ఖాళీ నేను ఆలోచించి పెట్టించింది కాదండీ. మీకు అబద్ధం రాశాను."

"అలాగా. మరి?"

"పొరపాటున వచ్చింది. నేను చూసుకోకుండా పంపాను."

"చూసుకోలేదా?"

"చూశాను. చూసి, గీసినావిడను తిట్టాను. మా అక్క ఆవిడ. మీరు మెచ్చుకోగానే నాదన్నాను."

ఆయన కళ్ళజోడు తీసి పంచె చెంగుతో తుడుచుకున్నాడు. "ఆవిడ ఎందుకు వదిలేశారు?"

ఇక్కడికి వస్తుందని దారంతా భయపడుతూనే ఉన్నాను. "పెన్ను పాళీ చీలిందండీ" అన్నాను.

ఆయన లేచి అలమారులోంచి ఒక కవరు తీశాడు. దాని మీది చిరునామా ఎడమ నుంచి కుడికి మెట్లు దిగుతోంది.

"ఆవిడ కళ్ళు అని రాశారు. పాళీ అని రాయలేదు" అన్నాడు.

అక్కా, ఒక్క మాటైనా నాకు చెప్పలేదు నువ్వు. అప్పుడు కూర్చున్నాను. ఆయన లోపలికి వెళ్ళి టీ పెట్టి తెచ్చాడు. కప్పు సాసరు మీద గలగలమంటుంటే కింద పెట్టేశాను.

"ఉత్తరం మొన్ననే వచ్చింది" అన్నాడు. "ఎవరికీ చెప్పొద్దన్నారు, చెప్పలేదు. మీరు వస్తారేమో చూద్దామనుకున్నాను. రాకపోతే మీ గురించి ఏమనుకోవాలో కూడా ఆలోచించి పెట్టుకున్నాను."

"ఇప్పుడు ఏమనుకుంటున్నారు?"

"ఇప్పుడు కొత్తగా ఆలోచించాలి. ఈ వయసులో అదొక బాధ."

అది వేళాకోళమో కాదో నాకు తెలీలేదు. ముప్పై ఏళ్ళుగా ఆ మనిషి మాటల్లో ఏది వేళాకోళమో నాకు తెలీలేదని అప్పుడు తట్టింది. "శ్రమ కనిపిస్తోంది" అన్నది ఏమిటని అడుగుదామనుకున్నాను. ధైర్యం చాలలేదు.

వస్తుంటే బొమ్మ ట్యూబులో పెట్టి ఇచ్చాడు. "ఖాళీ ఉంచినా ఒప్పే, నింపినా ఒప్పే. మీరూ మీ అక్కగారూ చూసుకోండి. పుస్తకం బాగుందని నేను రాసింది మారదు" అన్నాడు. గుమ్మం దాకా వచ్చి, "ముందుమాట కూడా చదివాను. ప్రచురణకర్త అన్నీ కలిపే పంపాడు. గొడుగు గురించి రాసిన చోట ఒక తప్పుంది. నల్లది అన్నారు. ముదురు నీలం" అన్నాడు.

తలుపు వెనక చూశాను. ముదురు నీలమే. అన్నేళ్ళు చూసినవాణ్ణి.

ఆ ముందుమాట తీసేశాను. దాని బదులు ఏం రాయాలో తెలీక, "ఈ పుస్తకానికి ఇది రెండో ముద్రణ" అని ఒక వాక్యం రాశాను. తర్వాత ఏదీ రావట్లేదు.

ఇప్పుడు ఇంకో అఘాయిత్యం చెప్పాలి. ఇంటికి వచ్చి బొమ్మ బల్ల మీద పరిచాను. ఆ ఖాళీ అచ్చులో అలాగే ఉంటే ఎవరో ఒకరు మళ్ళీ మెచ్చుకుంటారు, నువ్వు మళ్ళీ తల దించుకుంటావు. కలిపేస్తే గొడవే లేదు, అందరి వృత్తాల్లాగే ఇవీ వృత్తాలైపోతాయి అనుకున్నాను. బజారుకు వెళ్ళి పాళీ, ఇంకు కొని తెచ్చి కూర్చున్నాను. మీ మరదలు, "మీ చెయ్యి టీ కప్పే పట్టుకోలేదు, ఎందుకండీ ఈ సాహసం" అంది. విన్నానా?

మొదటి గీత బాగానే కలిసింది. రెండోది కలిసి పక్కదానిలోకి పోయింది. మూడోది పెట్టగానే అన్నీ కలిసి ముద్దకట్టాయి. నువ్వు గీకేదానివి కదాని బ్లేడు తీశాను. గీకాను. కొంచెం పోయింది. ఇంకాస్త గీకాను. కాగితం తెగింది. ఇప్పుడు నీ బొమ్మ మధ్యలో కన్నం ఉంది, అవతలి బల్ల కనిపిస్తోంది.

నీ ఆఖరి బొమ్మ అని నువ్వు అనలేదు. కానీ అదే కదా. దాన్ని నేను పాడుచేశాను. పంపుతున్నాను. దాచిపెట్టి పోస్టులో పోయిందని చెప్దామా అనిపించింది, అది కూడా చెప్తున్నాను.

తమ్ముడు


రెండో అంతస్తు, కిటికీ దగ్గర
శనివారం

ఒరేయ్,

గొడుగాయనకు రాశానని నీకు చెప్పకపోవడం తప్పే. చెప్తే నువ్వు వెళ్ళేవాడివి కాదు. లేదా వెళ్ళి నా బదులు మాట్లాడేవాడివి. ఆయన నన్ను మెచ్చుకున్నాడు, కాబట్టి దాన్ని వెనక్కి ఇవ్వాల్సింది నేను. నువ్వు పాళీ చీలిందని అన్నావట, ఆ సంగతి ఆయన కార్డులో రాశాడు. చదివించుకుని నవ్వాను. తర్వాత చాలాసేపు నవ్వలేదు. నా అబద్ధాన్ని నా కోసం అంత దూరం మోసుకెళ్ళావు.

ప్రెస్సాయనకు చెప్పేశాను. ప్రూఫులు చూడలేనని, ఈ మధ్య చూసినవన్నీ ఇంకొకరి చేత మళ్ళీ చూపించమని. ఆయన మొహం ఎలా పెట్టాడో నాకు కనపడదు కదా, అది మేలే అయింది. పెద్ద దీపం తెప్పిస్తానన్నాడు. దీపంతో అయ్యే పని కాదన్నాను. నేను బస్సులో ఎందుకు పలకలేదో అప్పుడు అర్థమైందట. నా సంచీ తనే తీసుకుని బస్సుస్టాపు దాకా వచ్చాడు. వద్దనలేకపోయాను.

ముందుమాట ఒక్క వాక్యం చాలు. టైలరమ్మకు చెప్తే, "అయ్యో, గొడుగు పోయిందా" అని బాధపడింది.

బొమ్మ అందింది. మధ్యలో కన్నం పడిందని నువ్వు ఏడుస్తూ రాసింది వింటూనే ట్యూబులోంచి తీసి బోర్డు మీద పరిచాను. కంటితో వెతకలేదు. అలవాటు పోయింది. పైన ఒక వృత్తం అంచు దగ్గర వేలు పెట్టి లోపలికి వచ్చాను. ఎండిన ఇంకు కొంచెం గరుకుగా తగులుతుంది, నీకు తెలీదు, నాకు తెలుసు. ఆ గరుకు పట్టుకుని వచ్చాను. నేను పెన్ను ఎత్తిన చోటు తెలిసింది. మొదటిసారి తెలిసింది. ఆ తర్వాత నువ్వు గీకిన చోటు, కాగితం నూగులా లేచి ఉంది. చెడ్డ చెయ్యిరా నీది. బ్లేడు నిలువుగా పట్టావు, ఏటవాలుగా పట్టాలి.

ఆ తర్వాత నా వేలి కొన దిగిపోయింది.

రెండోసారి కిందనుంచి వచ్చాను. తర్వాత కుడి నుంచి, ఎడమ నుంచి. ఎటు నుంచి వచ్చినా అక్కడికే. గీసినన్ని రోజులూ బొమ్మ నా బోర్డు మీదే ఉంది, దాని మధ్య ఎక్కడుందో నాకు తెలీలేదు. ఇప్పుడు దొరికింది.

దీన్ని ప్రెస్సుకు పంపించను. అచ్చుకు కంప్యూటర్ చేత గీయించుకో, ఖాళీ ఉంచుకుంటావో నింపుకుంటావో నీ ఇష్టం. ఇది నా దగ్గర ఉంటుంది.

అక్క